అద్దానికి అతికిన బొట్టుబిళ్ళ

మట్టిని చేతిలోకి తీసుకుని మనిషి ముఖం దిద్దిన దేవునికి స్తోత్రం. ఏ రెండు ముఖాలనూ ఒక్కలా చేయనివాడు, మనం పైన ఏ రంగు పూసుకున్నా కింద ఉన్నది ఎవరో మరచిపోనివాడు ఆయనే. ఈ మాట ముందు రాసుకోకపోతే నా చెయ్యి కదలదు. ఆదివారపు బడిలో మా నాన్నగారు నేర్పిన అలవాటు: ముందు స్తుతి, తర్వాత సంగతి.

సంగతి ఇది. నేను స్పెయిన్ దేశపు సినిమావాళ్ళ దగ్గర మేకప్ చేస్తాను. అవసరమైతే ఆ మేకప్ నేనే వేసుకుని చిన్న చిన్న వేషాలు కూడా వేస్తాను. రెండేళ్ళుగా ఇది నా పని. మా చర్చి సంఘంలో చాలామందికి తెలియదు. ఎవరైనా అడిగితే "సెలూన్‌లో చేస్తానండి" అని ఊరుకునేదాన్ని. అది అబద్ధం కాదు, అలాగని పూర్తి నిజమూ కాదు. నేను వేషం వేసిన మొదటి సినిమా త్వరలో ఫోన్లలో చూసేలా వస్తోందని ఈమధ్య తెలిసింది. అప్పట్నుంచి నాకు అన్నం సహించడం లేదు.

మాది గోదావరి జిల్లా, సముద్రానికి దగ్గరి ఊరు. నాన్నగారు సంఘపెద్ద. క్రిస్మస్ నాటకానికి ఏడో తరగతి నుంచీ వేషమూ నాదే, మేకప్పూ నాదే. గడ్డాలకు జనపనార, ముడతలకు కొబ్బరినూనెలో కలిపిన కాటుక. ముసలమ్మ వేషం కట్టుకుని, ఆ నడుం వంపుతోనే మిగతావాళ్ళకి గడ్డాలు అంటించేదాన్ని. అది దేవుని పని కాబట్టి ఎవరూ తప్పనలేదు. పెళ్ళయ్యాక కతార్ వచ్చాం. మావారు మెసయీద్‌లో ఎరువుల ఫ్యాక్టరీ టెక్నీషియన్, అక్కడే కంపెనీ క్వార్టర్‌లో ఉంటారు. నేను ముఐథర్‌లో ఒక లేడీస్ సెలూన్‌లో పెళ్ళికూతుళ్ళకి మేకప్ చేస్తాను, సెలూన్ వాళ్ళిచ్చిన గదిలో ఉంటాను. ఇక్కడ సెలవు శుక్రవారం కాబట్టి, ఆ పొద్దున్నే ఆయన కారులో వస్తే కలిసి ఆరాధనకి వెళ్తాం.

మా సంఘంలో ఆడవాళ్ళు బొట్టు పెట్టుకోరు. మా అమ్మ నుదుటి మీద గాని, అమ్మమ్మ నుదుటి మీద గాని నేను బొట్టు చూసి ఎరగను. నా వృత్తే కొందరికి ఇబ్బంది. ఇక్కడి మా పాస్టరు అయ్యగారు ఒకసారి మెల్లగా అన్నారు: "రంగులేసే చేతులూ, ప్రార్థనలో ఎత్తే చేతులూ ఒకటేనమ్మా. జ్ఞాపకం ఉంచుకో." ఉంచుకున్నాను. ఎక్కువే ఉంచుకున్నానేమో.

ఒక రోజు కనుబొమలు సరిచేయించుకోవడానికి అరవై దాటిన ఒక స్పెయిన్ ఆవిడ మా సెలూన్‌కి వచ్చింది. పని అయ్యాక నా చెయ్యి పట్టుకుని వేళ్ళు తిప్పి చూసింది. తను సినిమాలకి మేకప్ చేస్తుందట, ముఐథర్‌లోనే ఒక ఖాళీ విల్లాలో షూటింగ్ ఉందట, ఒక మనిషి కావాలట. సెలూన్ యజమానురాలు ఒప్పుకుంది. వెళ్ళిన రెండో రోజే ఇంకో సంగతి వచ్చిపడింది. కథలో ఇండియా వంటమనిషి వేషం ఒకటి ఉంది, వేయాల్సిన అమ్మాయి రాలేదు. ఆ స్పెయిన్ మేడం నా వంక చూసి డైరెక్టర్‌తో ఏదో అంది. తర్వాత నాతో, "నేనూ ఇలాగే మొదలుపెట్టాను. రంగు పెట్టె మోయడానికి వెళ్తే, నన్ను కెమెరా ముందుకి తోశారు. అప్పట్నుంచి రెండు పనులూ వదల్లేదు" అంది.

ఆవిడ దగ్గర ఒక పద్ధతి ఉండేది. తన ముఖానికి తనే రంగు వేసుకున్న మనిషి, ఇంకొకరికి చూపించకుండా గుమ్మం దాటకూడదు. "అద్దం నీ పక్షమే మాట్లాడుతుంది. అందుకని నాకు చూపించు" అనేది. నేను వెళ్ళి నిలబడితే, మెడలో వేలాడే కళ్ళజోడు పెట్టుకుని, నా గడ్డం కింద ఒక వేలు పెట్టి ఎత్తి చూసి, "వాలే" అనేది. వాళ్ళ భాషలో సరే అని. ఆ మాట పడ్డాకే కెమెరా ముందుకి.

వంటమనిషికి ఎర్ర బొట్టు కావాలన్నాడు డైరెక్టర్. పెళ్ళికూతుళ్ళకి ఎందరికో పెట్టాను, నా వేలికి బొట్టు కొత్త కాదు, నా నుదుటికే కొత్త. అది వేషమేనని నాకు తెలుసు. అయినా అయ్యగారిని అడగలేదు, మావారికి చెప్పలేదు. "వంటామె వేషం" అని మాత్రమే చెప్పాను. మొదటి రోజు బిళ్ళ పెట్టుకుని సెట్‌లోకి వెళ్తే, అక్కడ కార్పెంటర్ పని చేసే జగిత్యాల వైపు తమ్ముడు ఒకడు మేకులు నోట్లో పెట్టుకునే నవ్వాడు.

"అక్కా, పొద్దుగాల బోడి మొఖంతోని వచ్చినవ్, గిప్పుడు మా ఇంటిపక్క వదిన లెక్క ఉన్నవ్."

"వేషం తమ్ముడూ."

"నాకెరుకే. మంచిగున్నవ్ అంటున్న, అంతే."

ఆ మాటకి నాకు ఇంకా భయం వేసింది.

నాకు ప్రతి షాట్‌కి ముందు ప్రార్థన చేసుకునే అలవాటు. ఆ బిళ్ళతో దేవుని ముందు తల వంచలేకపోయాను. మేడం చూసి "వాలే" అన్నాక, మేకప్ గదిలోకి తిరిగి వెళ్ళి, తలుపేసుకుని, బిళ్ళ తీసి అద్దం మూలకి అతికించి, కొంగు తల మీద కప్పుకుని ప్రార్థన చేసుకునేదాన్ని. తర్వాత మళ్ళీ పెట్టుకుని వెళ్ళేదాన్ని. మేడం చూసిన ముఖాన్ని ఆమె చూశాక నేను మారుస్తున్నానని అప్పుడు నాకు తట్టలేదు. తొమ్మిది రోజులు ఇలాగే గడిచాయి.

పదో రోజు గురువారం. సినిమాలో పెద్ద వేషం వేసిన ముసలి నటికి అదే ఆఖరి రోజు. సాయంత్రం ఫ్లైట్, వాళ్ళ ఊళ్ళో నాటకం ఉందట. కథలో ఆమె భర్త చనిపోయాడని ఫోన్ వస్తుంది. వంటగదిలో ఉల్లిపాయలు తరుగుతున్న వంటమనిషి అది వింటుంది. ఇది పొద్దున్నే తీశారు, అందులో నా నుదుట బొట్టు ఉంది. మధ్యాహ్నం తీయాల్సింది దాని తర్వాతి ఘట్టం. చాలాసేపటికి వంటమనిషి హాల్లోకి వచ్చి, కదలకుండా కూర్చున్న యజమానురాలిని పట్టుకుంటుంది. సినిమా అంతా ఆ ఘట్టం కోసమేనని డైరెక్టర్ అందరికీ చెప్పాడు.

మేడంకి చూపించాను. "వాలే" అంది. లోపలికి వెళ్ళాను. ఆ రోజు ప్రార్థన కాస్త పొడుగైంది, భయం వల్ల. అసిస్టెంట్ డైరెక్టర్ అమ్మాయి తలుపు దబదబ బాదింది. "యల్లా, యల్లా, త్వరగా, అందరూ నీ కోసమే." కొంగు సర్దుకుంటూ పరుగెత్తాను.

ఒక్కసారికే షాట్ అయిపోయింది. ఆ నటి నా భుజం మీద తల పెట్టి ఏడ్చింది. నా జాకెట్టు తడిసింది. నాకూ నిజంగానే ఏడుపొచ్చింది. ఆఖర్న ఆమె నన్ను వదిలి పక్కకి తిరిగింది, నా ముఖం ఒక్కటే కెమెరాకి మిగిలింది. డైరెక్టర్ కెమెరాని దగ్గరికి రమ్మని చేత్తో సైగ చేయడం కంటి చివర కనిపించింది. కట్ అనగానే చప్పట్లు.

బయట ఆమె కోసం కేక్ కోస్తున్నారు. నేను బ్రష్‌లు తెచ్చుకుందామని మేకప్ గదిలోకి వెళ్ళాను. అద్దం కింది మూలలో ఎర్రగా ఉంది.

నుదురు తడుముకున్నాను. బిళ్ళ లేకుండానే షాట్ అయిపోయింది, అందరూ ఆ ఏడుపులో ఉండి ఎవరూ గమనించలేదు.

గదికీ కేక్ బల్లకీ మధ్య పది అడుగులు. ఆమె నవ్వు వినిపిస్తోంది. ఆమెని ఎయిర్‌పోర్ట్‌కి తీసుకెళ్ళే కారు ఇంకా వాకిట్లోనే ఉంది. వెళ్ళి ఒక్క మాట చెప్తే మళ్ళీ తీసేవారు. తిట్టేవారు, కాని తీసేవారు. అప్పుడే మేడం తలుపు దగ్గరికి వచ్చి, నా వెనక నుంచే, "నిజంగా ఏడ్చావు. నువ్వు నటివి. తర్వాతి సినిమాకి నిన్ను మా దేశం తీసుకెళ్తాను, డైరెక్టర్‌తో చెప్పేశాను" అని వెళ్ళిపోయింది.

నేను చేసింది ఇది. అద్దం మీది బిళ్ళ ఊడదీసి, నుదుటికి అతికించుకుని, బయటికి వెళ్ళి, అందరితో కలిసి నవ్వి, కారు కదులుతుంటే చెయ్యూపాను. పది రోజుల్లో మొదటిసారి ఆ బొట్టు కెమెరా కోసం పెట్టుకోలేదు, నా తప్పు దాచడానికి పెట్టుకున్నాను. మంట దగ్గర చలి కాచుకుంటూ ప్రభువుని నేనెరుగను అన్న శిష్యుడి గురించి ఆదివారపు బడిలో పిల్లలకి ఎన్నిసార్లు బోధించానో. పిల్లలతో ఎంత తేలిగ్గా తప్పు పట్టించేదాన్నో.

శుక్రవారం ఆరాధనలో వాక్యం కానుకల గురించి. నాకు ఒక్క ముక్కా చెవికెక్కలేదు. ఎడిటింగ్‌లో కూర్చున్నవాళ్ళు స్పెయిన్‌లో ఎప్పుడో ఒక రోజు చూస్తారు. మేకప్ తప్పు మేకప్ వాళ్ళదే అంటారు. అన్నేళ్ళ పేరున్న ఆ పెద్దావిడ నా గురించి ఇచ్చిన మాట ఏమవుతుంది? ఇవే లోపల తిరుగుతున్నాయి. ప్రభువు బల్ల రొట్టె పళ్ళెం నా దగ్గరికి వచ్చింది. చెయ్యి రాలేదు. పక్కావిడకి అందించేశాను. ఆవిడ వంగి, "ఏమ్మా, ఒంట్లో బాలేదా?" అంది. తలూపాను. అదీ అబద్ధమే.

మావారు మగవాళ్ళ వరసలో నుంచి చూశారు. కారెక్కాక ఏసీ పెంచి, "బల్లలో చెయ్యేయలేదేంటి?" అన్నారు.

"ఏం లేదండి."

"ఏం లేకపోతే చెయ్యేసేదానివే."

మనవాళ్ళ టీ కొట్లుండే ఏషియన్ టౌన్‌కి వెళ్ళాం. అక్కడ టీ తెచ్చి ఇచ్చాక మొత్తం చెప్పాను. బొట్టు దగ్గర్నుంచి కారుకి చెయ్యూపడం దాకా. ఆయన కప్పు కింద పెట్టి నా వైపు తిరిగారు.

"ఒకటి చెప్పు. బొట్టు పెట్టుకున్నందుకు ఏడుస్తున్నావా, పెట్టుకోడం మర్చిపోయినందుకా?"

"రెంటికీ" అన్నాను.

"రెంటికీ ఒకే ప్రార్థన సరిపోదే. ముందు ఏదో తేల్చుకో."

"మీరు కోప్పడితే బాగుణ్ణు."

"కోప్పడతాన్లే, ఇంకో సెలవు రోజు చూసుకుని. మా ప్లాంట్‌లో వాల్వ్ తప్పు తిప్పినోణ్ణి తిడతారు. తిప్పి నోరు మూసుకున్నోణ్ణి ఇంటికి పంపుతారు. ఆ సెట్ ఎప్పుడు ఇప్పుతారు?"

"రేప్పొద్దున్నే. విల్లా ఓనర్‌కి అప్పజెప్పాలట."

"మరి ఇంకా టీ తాగుతా కూచున్నావేంటి? లే."

మేడం విల్లాలోనే ఉంది, విగ్గులు పెట్టెల్లో సర్దుకుంటోంది. మావారు కారులోనే ఉండిపోయారు. నేను వెళ్ళి, అద్దం మూలని వేలితో చూపించి, జరిగింది చెప్పాను. నా ఇంగ్లీషు తడబడింది, ఆవిడ ఇంగ్లీషూ అంతంత మాత్రమే, అయినా అర్థం కాకుండా పోలేదు. కళ్ళజోడు పెట్టుకుని నన్ను చూసింది.

"నేను వాలే అన్నాక తీసేదానివా?"

"అవును."

"రోజూ?"

"రోజూ."

"నిన్న ఆమె ఇక్కడ ఉండగానే నీకు తెలుసా?"

నేను భయపడింది ఈ ప్రశ్నకే. "తెలుసు" అన్నాను.

ఆవిడ కూర్చుంది. చేతిలో విగ్గుని ఒళ్ళో పెట్టుకుని పిల్లి వెన్ను నిమిరినట్టు నిమురుతూ ఉండిపోయింది. తిట్టి ఉంటే తేలికయ్యేది. "నీ ప్రార్థనతో నాకు పేచీ లేదు. నాతో చెప్పి ఉంటే తలుపు దగ్గర కాపలా నిలబడేదాన్ని. నాకు చూపించిన ముఖాన్ని మార్చావు, నా బాధ అది" అంది. తర్వాత డైరెక్టర్‌కి ఫోన్ చేసింది. వాళ్ళ భాషలో చాలాసేపు. నాకు అర్థమైంది కాదు అనే ఒక్క మాటే, అది చాలాసార్లు వినిపించింది. ఫోన్ పెట్టేసి, "రేపు పొద్దున్న ఏడుకి రా. ఆ చీరతో. తర్వాతి సినిమా సంగతి మాత్రం ఇప్పుడు అడగకు" అంది. నేను అడగలేదు.

శనివారం ఏడుకి వెళ్ళేసరికి వంటగది సగం విప్పేశారు. కార్పెంటర్ తమ్ముడు అలమారా తలుపు ఊడదీసి గోడకి ఆనించాడు. డైరెక్టర్ రాత్రంతా ఆలోచించాడట, ఒక దారి దొరికిందట. ఆ రెండు ఘట్టాల మధ్య చిన్న షాట్ ఒకటి పెడతాడు. చావు వార్త విన్న వంటమనిషి దుఃఖంతో తన బొట్టు తీసేస్తుంది. అంతే. అప్పుడు తర్వాతి ఘట్టంలో బొట్టు లేకపోవడమే అందంగా ఉంటుంది. చెప్తుంటే ఆయన కళ్ళు వెలిగాయి. మేడం ముఖంలో కూడా కాస్త వెలుగొచ్చింది.

అలా బొట్టు తీయడమంటే మన దగ్గర అర్థమేమిటో పుట్టిన ప్రతివాళ్ళకీ తెలుసు. బొట్టు పెట్టుకోని నాకూ తెలుసు. కాని తప్పు చేసినదాన్ని నేను. వాళ్ళు దారి వెతికి తెస్తే కాదనే నోరు నాకెక్కడిది? మళ్ళీ మౌనంగా నిలబడ్డాను. మూడు రోజుల్లో ఇది రెండోసారి.

కార్పెంటర్ స్క్రూడ్రైవర్ తిప్పడం ఆపి, "అక్కా, ఏమంటుండు సారు? ఇప్పాల్నా వద్దా?" అన్నాడు.

చెప్పాను.

"అరె, అట్లెట్ల? బొట్టు తీసుడంటె పెనిమిటి పోయినట్టు గదా. సచ్చింది ఆ పెద్దామె మొగడు. వంటామె మొగడు మంచిగనే ఉన్నడు గదా?"

"ఉన్నాడులే. కథలో చెప్పలేదు."

"మరి గట్లనే చెప్పు సారుకు."

"నేనెలా చెప్పను తమ్ముడూ? తప్పు నాది."

"తప్పు నీదైతె నోరు గూడ పోయిందా? నువ్వు చెప్పకుంటె నేను చెప్త. నాకు వచ్చినయి నాలుగు ఇంగ్లీషు ముక్కలు, ఇజ్జత్ పోతె నీదే పోతది." అని, నవ్వి, ట్యాప్ వైపు చూపించాడు. "మా ఇంటిది మొఖం కడిగేటప్పుడు బిళ్ళ తీసి నల్లా పక్క గోడకు అంటిస్తది. మళ్ళ పెట్టుకునుడు మర్షిపోతది. మా ఇంట్ల ఏ గోడకు జూసినా బిళ్ళలే. గా మాత్రం దానికి గింత లొల్లా?"

నేను డైరెక్టర్ దగ్గరికి వెళ్ళి రెండూ చెప్పాను. బొట్టు తీస్తే వచ్చే అర్థమూ, ముఖం కడుక్కుంటూ మరచిపోయే సంగతీ. ఈ రెండో మాట ఎవరు చెప్పారో కూడా చెప్పాను. డైరెక్టర్ తమ్ముణ్ణి పిలిచి చేసి చూపించమన్నాడు. అతను చేతులు ప్యాంటుకి తుడుచుకుని, ట్యాప్ దగ్గర వంగి, లేని బిళ్ళని మొరటు వేలితో నుదుటి మీద నుంచి తీసి, గోడ టైలు మీద నొక్కి, లేని నీళ్ళతో ముఖం కడుక్కున్నాడు. అందరూ నవ్వారు. డైరెక్టర్ నవ్వలేదు, కెమెరా తెమ్మన్నాడు. అరగంట ముందు ఊడదీసిన తలుపుని తమ్ముడు గొణుక్కుంటూ మళ్ళీ బిగించాడు.

షాట్‌కి ముందు మేకప్ గదిలోకి వెళ్ళాను. చెయ్యి నుదుటి దాకా వెళ్ళి ఆగింది. ఆ రోజు బిళ్ళ తీయకుండానే, కొంగు కప్పుకుని, తల వంచాను. ప్రార్థన మూడు మాటలే: ప్రభువా, ఇదిగో నేను. వచ్చి మేడం ముందు నిలబడ్డాను. ఆవిడ గడ్డం కింద వేలు పెట్టి, ఏ రోజూ చూడనంత సేపు చూసింది. "వాలే" అంది చివరికి.

ఉల్లిపాయలు తరిగే వంటమనిషి లోపల్లోపల ఏడుస్తుంది. యజమానురాలికి తెలియకూడదని ముఖం కడుక్కుంటుంది. బిళ్ళ ట్యాప్ పక్కన గోడ టైలుకి అతికిస్తుంది. హాల్లో నుంచి సన్నగా ఏడుపు వినిపిస్తుంది. కొంగుతో ముఖం తుడుచుకుంటూనే వెళ్ళిపోతుంది. బిళ్ళ అక్కడే ఉండిపోతుంది. ఆ షాట్ తీశాక ఎవరూ చప్పట్లు కొట్టలేదు. వంటగది ఇప్పుకోవచ్చన్నారు, అంతే.

మేడం వెళ్ళిపోయింది. ఆరు నెలలు ఒక్క మాటా లేదు. ప్రతి ఫోన్ మోతకీ ఉలిక్కిపడేదాన్ని. తర్వాత ఒక రోజు మెసేజ్ వచ్చింది: పాస్‌పోర్ట్ కాపీ పంపు, ఈసారి ప్రార్థనకి తలుపు దగ్గర నేను ఉంటాను. స్పెయిన్ వెళ్ళాను, చేశాను, వచ్చాను. అక్కడ ఆవిడ కూడా వేషం వేసింది. తన ముఖం తను దిద్దుకుని, నా ముందుకొచ్చి గడ్డం ఎత్తి నిలబడింది. నా నోటి వెంట "వాలే" రావడానికి చాలాసేపు పట్టింది.

రొట్టె ముట్టని ఆ శుక్రవారం తర్వాత మళ్ళీ బల్లలో చెయ్యేయడానికి ముందు అయ్యగారి దగ్గరికి వెళ్ళి చెప్పాను. ఆయన మందలించారు. ఆ మందలింపు నా దగ్గరే ఉండనివ్వండి. కాని మొన్న సినిమా వస్తోందని చెప్తే, "నాతో చెప్పావు సరే. చూడబోయేవాళ్ళకి కూడా నువ్వే చెప్పు, ఎవరో చెప్పేలోపు" అన్నారు. అందుకే మన సంఘ పత్రికలో ఇది రాస్తున్నాను. కొందరు నా నుదుటి మీద బొట్టు చూసి బాధపడతారు. కొందరు ఇక మీదట ఆదివారపు బడిలో పిల్లల్ని నా దగ్గర కూర్చోబెట్టకపోవచ్చు. ఆ భయం తీరిందని చెప్పలేను.

చదివిన మీరు ఒక్క నిమిషం ఫోన్ పక్కన పెట్టి నాతో పాటు తల వంచండి. మీ నుదుటి మీద ఏది ఉన్నా, ఏదీ లేకపోయినా, అలాగే వంచండి. నాతో కలిసి ఇలా అడగండి: తండ్రీ, నీకొక ముఖమూ మనుషులకొక ముఖమూ చూపించే అలవాటు మా నుంచి తీసెయ్యి. తప్పు చేసిన చోటికీ దాన్ని ఒప్పుకునే చోటికీ మధ్య ఉన్న పది అడుగులు నడిచే బలం మా కాళ్ళకి ఇయ్యి. కారు కదలక ముందే ఇయ్యి, ప్రభువా.